రోబెస్పియర్ స్టేషన్‌లో రైలెక్కి: పారిస్‌లో ఒక విప్లవ నడక

మా అబ్బాయి వాళ్ళు ఉండేది పారిస్‌ని ఆనుకునే ఉన్న మోంత్రెయ్ అనే ఊళ్ళో. ఇంటి దగ్గరి మెట్రో స్టేషన్ పేరు రోబెస్పియర్. వచ్చిన మొదటి రోజున ఆ బోర్డు చదివి మెట్ల మీదే ఆగిపోయాను. కాకినాడలో 31 ఏళ్ళు డిగ్రీ పిల్లలకి చరిత్ర పాఠం చెప్పినదాన్నండీ. ఆ పేరు నల్లబల్ల మీద ఎన్నిసార్లు రాసి ఉంటానో. ఫ్రెంచి విప్లవ నాయకుడాయన. "భీకర పాలన" (విప్లవ ప్రభుత్వం వేలమందిని చంపించిన కాలం) అని పైన గీత గీసి, కింద రోబెస్పియర్, ఆ కింద తలలు నరికే యంత్రం గిలటిన్. అంతటితో పిరియడ్ అయిపోయేది. ఇక్కడేమో ఆ పేరున్న గేటు దాటి జనం పొద్దున్నే ఆఫీసులకి పోతున్నారు, సాయంత్రం కూరల సంచులతో తిరిగొస్తున్నారు.

"పారిస్ ఊళ్ళో మాత్రం ఆయన పేరు మీద ఒక్క వీధి కూడా లేదమ్మా" అన్నాడు మావాడు. తరవాత నేనే చదివి తెలుసుకున్నాను. 1946లో ఒక కూడలికి ఆయన పేరు పెట్టారు, 1950లో తీసేసి పాత పేరే మళ్ళీ తగిలించారు. మోంత్రెయ్‌లో 1937లో పెట్టిన పేరు మాత్రం ఇప్పటికీ ఉంది. అప్పట్లో ఇక్కడి మునిసిపాలిటీ కమ్యూనిస్టులది. పొలిమేరకి ఇవతల ఒక మాట, అవతల ఒక మాట. ఆయన పోయి 230 ఏళ్ళు దాటినా ఆ మనిషి సంగతి పక్కపక్క ఊళ్ళ మధ్యే తెగలేదు. ఆ తగువేమిటో నడిచి చూద్దామని 1789 ఫ్రెంచి విప్లవం చోట్లు చూపించే ఈ వాకింగ్ టూర్‌కి డబ్బు కట్టాను.

టికెట్టు 32 యూరోలు. ఇంగ్లీషులో చెబుతారు. మూడు గంటలన్నారు, మూడు గంటల నలభై నిమిషాలు పట్టింది. పదకొండు మందిమి. సంస్థ పేరు ఇక్కడ రాయడం లేదు, ఎందుకంటే మెచ్చుకోళ్ళతో పాటు లోపాలు కూడా చెప్పబోతున్నాను, మాకు గైడుగా వచ్చిన అమ్మాయి ఉద్యోగానికి నా మాటల వల్ల ఇబ్బంది రాకూడదు. ఇలాంటి నడకలు పారిస్‌లో చాలామంది నడుపుతున్నారు. ఏది ఎంచుకున్నా ఏం అడగాలో, దేనికి డబ్బు పెట్టొచ్చో తెలియడానికి ఇది పనికొస్తే చాలు.

ఆ అమ్మాయికి ముప్పై దాటి ఉండవు. చరిత్రలో పరిశోధన చేస్తూ వారానికి రెండు రోజులు ఈ పని చేస్తోందట. గొడుగు లేదు, జెండా లేదు. చేతిలో ప్లాస్టిక్ తొడుగు వేసిన కార్డుల కట్ట ఒకటుంది. ప్రతి చోటా ఒక కార్డు తీసి ఒక పేరా చదివేది. రాసినదెవరో, ఎప్పుడు రాశారో చెప్పేది కాదు. "ఇది ఏ సంవత్సరంలో రాసి ఉంటారు?" అని అడిగి, మేము తలో అంకె చెప్పాక కార్డు తిప్పేది. వెనకాల సంవత్సరం పెద్ద అంకెల్లో ఉండేది. ఈ ఒక్క పద్ధతి కోసమే 32 యూరోలు ఇవ్వొచ్చని నా అభిప్రాయం. చరిత్రకారుడు 1789 గురించి చెబుతూనే తన కాలం గురించి కూడా చెబుతుంటాడన్నది ఆ కార్డు తిప్పినప్పుడల్లా నా కళ్ళకి కట్టింది. ఇది నేను క్లాసులో ఏ రోజూ పిల్లలకి చూపించలేదు. మా నోట్సులో చరిత్రకారుల పేర్లుండేవి, వాళ్ళు బతికిన ఏళ్ళుండేవి కావు.

మొదలు బాస్టీల్ కూడలి. కోట కోసం చూస్తే కోట లేదు. కార్లు, బస్సులు, మధ్యలో ఎత్తయిన కంచు స్తంభం, దాని కొసన బంగారు పూత పూసిన రెక్కల బొమ్మ. "ఈ స్తంభం ఏ విప్లవానిది?" అని అడిగింది. అందరూ 1789 అన్నారు. నేను చదువుకుని వచ్చాను కాబట్టి ఊరుకున్నాను. అది 1830 జూలైలో మూడు రోజులు వీధుల్లో పోరాడి చచ్చిపోయినవాళ్ళ స్మారకం. పేర్లు ఆ స్తంభం మీదే చెక్కారు, అస్థికలు దాని కింద ఉన్నాయి. 1848 విప్లవంలో చనిపోయినవాళ్ళనీ తెచ్చి అక్కడే పెట్టారు. 1830 గొడవతో సింహాసనం ఎక్కిన లూయీ ఫిలిప్ తన రాజ్యానికి ఆ చోటు కావాలనుకున్నాడు, బాస్టీల్ అన్న పేరు కింద తన విప్లవాన్ని నిలబెట్టుకున్నాడు.

ఇక జనం బాస్టీల్ కోటని, అంటే అప్పటి జైలుని, పట్టుకున్న 1789 జూలై 14. కోటలో అప్పుడున్న ఖైదీలు ఏడుగురు. నలుగురు దొంగ పత్రాలు సృష్టించినవాళ్ళు, ఇద్దరు మతి చలించినవాళ్ళు, ఒకడిని సొంత కుటుంబమే పెట్టించింది. ముట్టడించినవాళ్ళలో చనిపోయినవారు 98 మంది. జనం వచ్చింది ఖైదీల కోసం కాదు, తుపాకి మందు కోసం. ఈ మాట మన పాఠ్యపుస్తకాల్లో ఉంటుంది కానీ ఆ జనం ఎవరన్న ప్రశ్న ఉండదు. ఇక్కడ రెండు కార్డులు తీసింది. ఒకదాంట్లో ఆ గుంపు మొత్తం ఒక మృగం, తాగుబోతులు, దొంగలు, పనీపాటా లేనివాళ్ళు. అది ఇప్పొలిత్ తేన్ అనే ఫ్రెంచి చరిత్రకారుడు రాసింది, 1870ల్లో. 1871లో పారిస్ కమ్యూన్, అంటే జనమే రెండు నెలలు నగరాన్ని ఏలుకున్న తిరుగుబాటు, లేచి అణగారిపోయిన ఆ తరవాతి ఏళ్ళలో, ఆ భయం ఇంకా ఆరకముందు, పెన్ను పట్టాడు. రెండో కార్డు జార్జ్ రూడే అనే చరిత్రకారుడిది, 1959. ఆయన గుంపుని వర్ణించలేదు, జాబితా తెరిచాడు. బాస్టీల్ విజేతలని ప్రభుత్వమే గుర్తించి రాసుకున్న 900 పైచిలుకు పేర్లు, పోలీసు దస్తావేజులు. వాటిలో ఉన్నది వడ్రంగులు, తాళాలు చేసేవాళ్ళు, చెప్పులు కుట్టేవాళ్ళు, చిన్న కొట్లవాళ్ళు. చాలామంది ఆ పక్కనే ఉన్న సెంతాంత్వాన్ పేటవాళ్ళు. పేరు, వృత్తి, చిరునామా ఉన్న మనుషులు.

నేను ఆ రెండు కార్డులూ చేతిలోకి తీసుకుని మళ్ళీ చదివాను. ఒకాయన గుంపుని దూరం నుంచి చూశాడు, ఇంకొకాయన దగ్గరికెళ్ళి పేరు అడిగాడు. నేను పాఠంలో "పారిస్ అల్లరిమూకలు బాస్టీల్‌పై దాడి చేశాయి" అని చెప్పించిన సంవత్సరాలున్నాయి. పరీక్షల గైడు పుస్తకంలో అలాగే ఉండేది. అల్లరిమూక అన్న ఆ ఒక్క మాటలో తేన్ కూర్చున్నాడని నాకు తెలియదు. దానికి ఇప్పుడు బాధగా ఉంది.

రొట్టె ధర కార్డు కూడా అక్కడే. 1788 జూలై 13న పెద్ద వడగళ్ళ వాన పడి ఉత్తర ఫ్రాన్స్‌లో పంటలు పోయాయి. ఆ వెనక గడ్డు చలికాలం. 1789 కల్లా పారిస్‌లో నాలుగు పౌన్ల రొట్టె 14న్నర సూలకి (సూ అంటే అప్పటి చిల్లర నాణెం) చేరింది. కూలివాడి రోజు సంపాదన 20 నుంచి 30 సూలు. ఇంట్లో నలుగురుంటే ఆ రొట్టె ఒక పూటకి వస్తుందో రెండు పూటలకి వస్తుందో ఆడవాళ్ళకి చెప్పనక్కర్లేదు. ఎర్నెస్ట్ లబ్రూస్ అనే ఆర్థిక చరిత్రకారుడు ఊరూరి ధరల పట్టికలు కూర్చి చూస్తే, ఆ ఏడు ధాన్యం ధర శిఖరానికి చేరింది సరిగ్గా జూలై మధ్యలో. ఇది వింటున్నప్పుడు కార్ల రొద ఎక్కువై సగం మాటలు అందలేదు. ఇది మొదటి ఫిర్యాదు. ఇన్ని యూరోలు తీసుకుంటున్నప్పుడు చెవిలో పెట్టుకునే చిన్న రిసీవర్లు ఇవ్వొచ్చు. నేను ముందుకి జరిగి నిలబడ్డాను, వెనకున్న దంపతులు పాపం సగంలో వినడం మానేశారు.

దరిద్రం వల్ల విప్లవం వచ్చిందా, ఆశ వల్ల వచ్చిందా అన్నది వందేళ్ళ పైబడిన వాదం. మిష్లే అనే ఫ్రెంచి చరిత్రకారుడు దరిద్రం అన్నాడు. టాక్‌విల్ అనే ఇంకో ఫ్రెంచి రచయిత 1856లో అందుకు ఎదురు చెప్పాడు. దేశం బాగుపడుతూ ఉండగా, ప్రభుత్వం తనని తాను దిద్దుకోవడం మొదలుపెట్టాకే జనానికి పాత బరువులు మొయ్యలేనివి అయ్యాయన్నాడు. లబ్రూస్ అంకెలు ఇద్దరికీ చోటిచ్చాయి. శతాబ్దం పొడుగునా ఎదుగుదల, చివరి పదేళ్ళలో దెబ్బ మీద దెబ్బ. పదకొండు మందిలో ఒక అమెరికా ఆయన ఇక్కడే "రొట్టె లేకపోతే కేకులు తినమనండి" సంగతి ఎత్తాడు. ఆ మాట అప్పటి రాణి మేరీ ఆంటోనెట్ అన్నట్టు ఏ ఆధారమూ లేదని, రూసో ఆత్మకథలో ఎవరో "గొప్ప రాకుమారి" అందని రాసి ఉందని, ఆయన అది రాసేనాటికి ఈమె ఇంకా ఆస్ట్రియాలో చిన్నపిల్లని గైడు ఓపికగా చెప్పింది. ఆ కథ చెప్పి పిల్లలని నవ్వించని చరిత్ర మాస్టారు మన దగ్గర ఉండరు. ఇకమీదట చెప్పకండి.

అక్కణ్ణించి సేన్ నది వైపు నడిపించింది. ఆంరీ గల్లీ అనే చిన్న పార్కులో చెట్ల కింద గుండ్రంగా పేర్చిన రాళ్ళ కుప్ప. 1899లో మెట్రో సొరంగం తవ్వుతుంటే బయటపడిన ఒక బురుజు పునాది. ఆ బురుజు పేరు లిబెర్తె, స్వేచ్ఛ. ఖైదుఖానాలో ఒక బురుజుకి ఆ పేరు విప్లవానికి ఎంతో ముందే ఉంది. అక్కడ ఐదు నిమిషాలే. కూర్చోవడానికి బెంచీలున్న చోట ఐదు నిమిషాలు, లేని చోట్ల అరగంట నిలబెట్టడం ఈ టూర్ వేసినవాళ్ళకి తట్టకపోవడం రెండో ఫిర్యాదు. నా వయసువాళ్ళు ఇది మనసులో పెట్టుకోండి.

తరవాత కార్నవాలే మ్యూజియం. పారిస్ నగర చరిత్ర మ్యూజియం ఇది, 1880లో తెరిచారు. శాశ్వత ప్రదర్శనకి టికెట్టు లేదు, కాబట్టి టూర్ లేకపోయినా మీరు ఎప్పుడైనా వెళ్ళొచ్చు. విప్లవం గదులు పైన ఉన్నాయి. బాస్టీల్ కోటని దాని రాయితోనే చెక్కిన చిన్న నమూనా ముందు నేను చాలాసేపు నిలబడ్డాను. కోట కూల్చే పని తలకెత్తుకున్న పల్వా అనే కాంట్రాక్టరు ఆ రాళ్ళతో ఇలాంటి నమూనాలు చేయించి దేశంలోని 83 జిల్లాలకీ పంపించాడు. కోట నేలమట్టం అవుతూ ఉండగానే దాని కథ దేశమంతా చేరిపోయింది. చరిత్రకారులు పుట్టకముందే జూలై 14కి అర్థం చెప్పేసినవాడు ఈయన. యూబెర్ రొబేర్ వేసిన కూల్చివేత బొమ్మ కూడా ఇక్కడే ఉంది. కోట ఎంత పెద్దదో, దాని మీద మనుషులు ఎంత చిన్నగా ఉన్నారో చూడండి.

1789 నాటి మానవ హక్కుల ప్రకటనని మోషే ధర్మశాసనాల పలకల్లా వేసిన బొమ్మ ముందు నా మూడో ఫిర్యాదు మొదలవుతుంది. ఇది అన్నిటికంటే పెద్దది. ఆ ప్రకటనలో "మనిషి" ఎవరు? 1791లో ఒలాంప్ ద గూజ్ అనే రచయిత్రి స్త్రీల హక్కుల ప్రకటన రాసింది, 1793 నవంబరులో గిలటిన్ కింద తల పోగొట్టుకుంది. అదే 1791 ఆగస్టులో కరీబియన్ సముద్రంలోని సెయింట్ డొమింగ్ అనే ఫ్రెంచి వలసరాజ్యంలో, అప్పట్లో ఫ్రాన్స్‌కి అన్నిటికన్నా ఎక్కువ రాబడి ఇచ్చే చెరకు, కాఫీ తోటల్లో, బానిసలు తిరగబడ్డారు. వాళ్ళ తిరుగుబాటు ఒత్తిడి మీదే 1794 ఫిబ్రవరి 4న పారిస్‌లోని విప్లవ శాసనసభ బానిసత్వం రద్దు చేసింది. 1802లో నెపోలియన్ మళ్ళీ తెచ్చాడు. 1804 జనవరి 1న ఆ వలసరాజ్యం హైతీ అయ్యి స్వతంత్రం ప్రకటించుకుంది. గైడు ఇదంతా రెండు నిమిషాల్లో ముగించింది, స్త్రీలకి ఇంకో రెండు నిమిషాలు.

నేను ఆగలేక అడిగాను. "నూట యాభై ఏళ్ళ పాటు ఫ్రెంచి చరిత్రకారులు పారిస్ వీధుల గురించి పోట్లాడుకున్నారు కదా, ఈ వలసరాజ్యం వాళ్ళ పుస్తకాల్లో ఎందుకంత తక్కువ?" ఆ అమ్మాయి దాటవేయలేదు. ట్రినిడాడ్‌లో పుట్టిన సి.ఎల్.ఆర్. జేమ్స్ 1938లో ఆ చరిత్ర రాసినా, ఇక్కడి విశ్వవిద్యాలయాల్లో అది విప్లవ చరిత్రలో భాగమని ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టిందని చెప్పింది. "మరి మీ నడకలో?" అన్నాను. కార్డు తయారవుతోందని, కంపెనీవాళ్ళు సమయం పెంచడం లేదని అంది. నాకు ఈ విషయం ఎందుకంత పట్టిందంటే, మా కాకినాడకి సుమారు 30 కిలోమీటర్లలో యానాం ఉంది. 1954 దాకా ఫ్రెంచివాళ్ళ చేతిలో ఉన్న ఊరు. స్వేచ్ఛ, సమానత్వం, సౌభ్రాతృత్వం అన్న మూడు మాటలు గోదావరి పాయ ఒడ్డున ఎవరికి దక్కాయని మేం అడగకపోతే ఎవరడుగుతారు? 32 యూరోలు తీసుకునే ఏ టూరైనా దీనికి పావుగంట ఇవ్వాలి. బుక్ చేసే ముందు అడగండి.

మ్యూజియం నుంచి నగర సభాభవనానికి, అంటే ఒతెల్ ద వీల్‌కి, నడక. మొత్తం టూర్‌లో నాకు బాగా నచ్చింది ఇక్కడి అరగంట. 1794 జూలై 27 రాత్రి రోబెస్పియర్, ఆయన మిత్రులు చట్టవ్యతిరేకులని విప్లవ శాసనసభే వాళ్ళ మీద తిరగబడి ప్రకటించాక తలదాచుకున్నది ఈ చోటునే. తెల్లవారుజామున సైనికులు లోపలికి దూసుకొచ్చేసరికి ఆయన దవడ తుపాకి గుండుతో పగిలిపోయి ఉంది. తానే కాల్చుకున్నాడా, ఒక సైనికుడు కాల్చాడా? ఇప్పటికీ తేలలేదు. ఆ రాత్రి తన పేట జనాన్ని సాయానికి రమ్మని రాసిన కాగితం ఒకటి మిగిలింది. దాని ఫోటో చూపించింది. కింద సంతకంలో పేరు పూర్తిగా లేదు, మొదటి రెండు అక్షరాలే ఉన్నాయి. సంతకం పెడుతుండగా గుండు తగిలిందని కొందరు, సాయుధ తిరుగుబాటుకి పిలుపివ్వడానికి మనసొప్పక చెయ్యి ఆపేశాడని కొందరు. ఒకే కాగితం, ఒకే అరపేరు. ఒకరికి అందులో ప్రమాదం కనిపిస్తుంది, ఇంకొకరికి అంతరాత్మ కనిపిస్తుంది. మా పదకొండు మందిలోనూ రెండు జట్లయ్యాయి. నేను ఏ జట్టులోనూ చేరలేకపోయాను, ఇంకా ఆలోచిస్తున్నాను.

తరవాత ఆ భవనం కేసి చూపించి, "ఇది ఆ భవనం కాదు" అంది. 1871 మే నెలలో కమ్యూన్ ఆఖరి వారంలో పాత భవనం తగలబడిపోయింది. ఇప్పుడున్నది తరవాత కట్టింది. దాంతోపాటు లోపలి దస్తావేజులూ బూడిదయ్యాయి. మిష్లే గురించి నాకు అంతవరకూ చిన్నచూపే ఉండేది. ప్రజలనే ఒక దేవతని చేసి కావ్యం రాశాడని, చరిత్ర కాదని మాకు చదువు చెప్పినవాళ్ళు అనేవారు, నేనూ అదే చెప్పాను. ఆయన తన విప్లవ చరిత్రని 1847లో, ఇంకో విప్లవానికి ఏడాది ముందు, మొదలుపెట్టి 1853లో ముగించాడు. మధ్యలో అప్పటి పాలకుడు లూయీ నెపోలియన్‌కి (నెపోలియన్ తమ్ముడి కొడుకు) విధేయత ప్రమాణం చెయ్యనని ఉద్యోగం వదులుకున్నాడు. ఆ పుస్తకం కోసం నగర సభ దస్తావేజులు తన చేతులతో తిరగేశాడు. అవి కాలిపోయాయి. ఈ రోజు వాటిలో ఏముందో తెలుసుకోవాలంటే ఆ "కావ్యం" తెరవాల్సిందే. ఆ సంగతి విని నా ఒళ్ళు జలదరించింది.

అదే 1871 గురించి ఒక కార్డుంది. కమ్యూన్ అణచివేతలో చనిపోయినవాళ్ళు ఎంతమంది? చాలాకాలం 20 వేలు, ఇంకా ఎక్కువ అన్నారు. ఇంగ్లండు చరిత్రకారుడు రాబర్ట్ టూమ్స్ సమాధుల లెక్కలు తీసి ఆరేడు వేలు అన్నాడు. దాని మీద ఇంకా వాదన నడుస్తోంది. అంకె తగ్గిస్తే వాళ్ళ త్యాగం తగ్గించినట్టని కొందరికి కోపం. మనకిది కొత్త కాదు. సెప్టెంబరు 17ని విమోచన అనాలా, విలీనం అనాలా, విద్రోహం అనాలా అని మనం ఏటా పోట్లాడుకుంటూనే ఉన్నాం కదా.

నది దాటితే కాంసియెర్‌జెరీ, విప్లవ న్యాయస్థానం పక్కనే ఉన్న చెరసాల. లోపలికి వెళ్ళలేదు, ఆ టికెట్టు వేరే. గోడకి ఆనుకుని నిలబడి విన్నాం. భీకర పాలన అంకెలు ఇక్కడ చెప్పింది. 1935లో డొనాల్డ్ గ్రియర్ లెక్క తేల్చాడు: తీర్పు చెప్పి చంపినవాళ్ళు సుమారు 17 వేలు. విచారణ లేకుండా చంపినవాళ్ళని, జైళ్ళలో చచ్చిపోయినవాళ్ళని కలిపితే 35 నుంచి 40 వేలు. తీర్పులు పడినవాళ్ళలో దొరలు నూటికి తొమ్మిది మంది కూడా లేరు. 85 శాతం దాకా మూడో ఎస్టేటువాళ్ళు, అంటే దొరలూ మతగురువులూ కానివాళ్ళు, ఎక్కువగా రైతులు, పనివాళ్ళు. ఎక్కువ భాగం పారిస్‌లో కాదు, అంతర్యుద్ధం జరిగిన పడమటి, ఆగ్నేయ ప్రాంతాల్లో. మనం సినిమాల్లో చూసే పొడి చల్లిన విగ్గుల దొరసానుల వరస ఈ అంకెల ముందు నిలవదు.

మరి ఎందుకు జరిగింది? చుట్టూ యుద్ధం, లోపల తిరుగుబాటు, ఆకలి, గత్యంతరం లేక చేశారని అన్నది మాతియే, ఆ తరవాత సొబూల్ అనే ఫ్రెంచి చరిత్రకారులు. 1789లో ప్రజల పేరిట మాట్లాడే హక్కు ఎవరిదన్న పోటీ మొదలైనప్పుడే దీని విత్తనం పడిందని 1978లో అన్నది ఫ్రాంస్వా ఫ్యూరే అనే ఇంకో చరిత్రకారుడు. ఈయన ఒకప్పుడు కమ్యూనిస్టు పార్టీలో ఉండి బయటికొచ్చినవాడు. కార్డు తిప్పినప్పుడు గైడు ఆ సంవత్సరం చూపించి, స్టాలిన్ నిర్బంధ శిబిరాల చర్చ ఆ రోజుల్లో పారిస్‌ని ఎలా ఊపిందో గుర్తు చేసింది. 1989లో విప్లవానికి రెండు వందల ఏళ్ళ ఉత్సవాలప్పుడు ఆయన ఒకవైపు, ఉత్సవాల చరిత్ర సంఘానికి పెద్దగా ఉన్న మిషెల్ వొవెల్ ఇంకోవైపు. ఈ మధ్య తిమొతీ టాకెట్ అనే అమెరికా ఆయన విప్లవ సభలోని మామూలు ప్రతినిధులు ఇళ్ళకి రాసుకున్న ఉత్తరాలు చదివి, భయం, పుకారు, కుట్ర ఉందన్న అనుమానం వాళ్ళని ఎలా మార్చాయో నెలనెలా చూపించాడు.

ఫ్యూరే వాదన నాకు సగమే ఎక్కింది. మాటకి బలముందని పాఠాలు చెప్పినదాన్ని ఒప్పుకుంటాను. కానీ పద్నాలుగున్నర సూల రొట్టె ఆయన వాక్యాల్లోంచి జారిపోతుంది. టాకెట్ ఉత్తరాలు నాకు దగ్గరయ్యాయి, అందులో మనుషులున్నారు. అయితే ఫ్యూరేకి ఒకే కార్డు పెట్టి హడావిడిగా చదివేయడం మాత్రం న్యాయం కాదు. ఒప్పుకోకపోయినా ఆయన వాదన నిదానంగా వినాలి. లండన్‌లో ఆల్ఫ్రెడ్ కాబన్ అనే చరిత్రకారుడు 1954లోనే లేవదీసిన ప్రశ్నకి అసలు కార్డే లేదు. 1789 నాయకుల్లో ఫ్యాక్టరీల యజమానులు, పెద్ద వర్తకులు కొద్దిమందే, ఎక్కువమంది లాయర్లు, సర్కారు పదవుల్లో ఉన్నవాళ్ళు, ఇది పెట్టుబడిదారుల విప్లవం ఎలా అవుతుంది అని అడిగాడాయన. "బూర్జువా విప్లవం" అని ఒక్క వాక్యంలో రాయించిన నాలాంటి వాళ్ళు ఈ ప్రశ్న తప్పించుకోకూడదు. పల్లెటూళ్ళ సంగతి కూడా తక్కువే. ఫ్రెంచి చరిత్రకారుడు జార్జ్ లెఫెవ్ర్ 1932లో రాసిన "మహాభయం", అంటే బందిపోట్లు వస్తున్నారన్న పుకారు ఊరి నుంచి ఊరికి పాకి రైతులు దొరల కాగితాలు తగలబెట్టిన ఆ వేసవి, పారిస్ వీధుల్లో చూపించేది కాదు నిజమే. అయినా 1789 ఆగస్టు 4 రాత్రి విప్లవ సభ దొరల హక్కులు వదులుకుంటున్నట్టు ప్రకటించింది ఆ భయం వల్లే.

చివరి మజిలీ ఒదెయాన్ కూడలి. ఇంకో విప్లవ నాయకుడు దాంతాన్ కంచు విగ్రహం, చెయ్యి చాచి నిలబడి ఉన్నాడు. 1891లో పెట్టారు, ఆయన ఇల్లుండిన చోట. మా స్టేషన్ కథ ఇక్కడ ముడి విప్పుకుంది. మూడో రిపబ్లిక్, అంటే 1870లో వచ్చిన ఫ్రెంచి ప్రభుత్వం, తనకో మంచి విప్లవకారుడు కావాలనుకుంది. పారిస్‌లోని సోర్బాన్ విశ్వవిద్యాలయంలో విప్లవ చరిత్రకి తొలి ఆచార్య పీఠం పారిస్ నగర సభ డబ్బుతోనే పెట్టారు, దాన్లో కూర్చున్న ఓలార్ దాంతాన్‌ని మెచ్చాడు. ఓలార్ శిష్యుడు మాతియే గురువుతో తెగతెంపులు చేసుకుని, దాంతాన్ లంచాలు తిన్నాడని రుజువులు వెతుకుతూ, పేదల పక్షం నిలిచింది రోబెస్పియరేనని జీవితమంతా వాదించాడు. 1907లో రోబెస్పియర్ అధ్యయన సంఘం పెట్టాడు. 1932లో సోర్బాన్‌లో పాఠం చెబుతూ చెబుతూ కుప్పకూలి పోయాడు. ఆ ముక్క చెప్పేటప్పుడు గైడు గొంతు తగ్గించింది. మాలో ఉపాధ్యాయులు ఇద్దరమున్నాం, ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం.

విగ్రహం దిమ్మె మీద దాంతాన్ మాట ఒకటి చెక్కి ఉంది: రొట్టె తరవాత ప్రజల మొదటి అవసరం చదువు. లంచాలు తిన్నాడో లేదో నాకు తెలియదు, ఆ మాటకి మాత్రం చేతులెత్తి దణ్ణం పెట్టాను.

ఇంక కావలసిన వివరాలు. సోమవారం కార్నవాలే మూత, ఆ రోజు నడక పెట్టుకోకండి. నాలుగు కిలోమీటర్ల పైనే నడవాలి, మ్యూజియంలో తప్ప ఎక్కడా బాత్రూముకి ఆపలేదు, ఈ మాట బుకింగ్ కాగితంలో లేదు, ఉండాలి. కార్డుల్లో అక్షరాలు చిన్నవి, చత్వారం ఉన్నవాళ్ళు అద్దాలు తెచ్చుకోండి. పదేళ్ళ లోపు పిల్లలకి వద్దు, తొమ్మిది, పది తరగతుల పిల్లలైతే తప్పకుండా తీసుకెళ్ళండి. ఐదుకి నాలుగు ఇస్తున్నాను. తగ్గించిన ఆ ఒకటి హైతీకి. చివర్లో అభిప్రాయం రాసే కాగితం మీద కూడా ఇదే రాసి ఇచ్చాను, ఆ అమ్మాయి చదివి సంచిలో భద్రంగా పెట్టుకుంది.

వచ్చే శనివారం అదే అమ్మాయి కమ్యూన్ నడక నడుపుతోంది, మోంమార్త్ర్ కొండ నుంచి పేర్ లషేజ్ శ్మశానం గోడ దాకా. 1871 మే 28న 147 మందిని వరసగా నిలబెట్టి కాల్చిన గోడ అది. దానికీ డబ్బు కట్టేశాను, ఈసారి ముందు వరసలో నిలబడతాను.